గంపలో మిగిలిన కాబేజీ... గిన్నెలో చైనా సూపు

కాబేజీ ధర పడిపోయిన రోజుల్లో ఒక సాయంత్రం రైతుబజారు దగ్గర చూసిన సంగతి ఇది. మిగిలిన సరుకు తిరిగి ఇంటికి తీసుకెళితే ఆటో కిరాయి కూడా రాదని, ఓ రైతు గంపెడు కాబేజీ గేటు పక్కన ఆవుల ముందు కుమ్మరించి వెళ్లిపోయాడు. సరిగ్గా ఆ గేటుకు ఎదురుగానే నూడుల్స్ బండి. అదే కాబేజీని గుప్పెడు తరిగి, మరిగే నీళ్లలో వేసి, ‘హాట్ అండ్ సోర్ సూప్’ అని చిన్న గిన్నెలో పోసి అమ్ముతున్నారు. ఆ ఒక్క గిన్నె ఖరీదు పెడితే ఆ రైతు దగ్గర రెండు మూడు కాబేజీలు వచ్చేవి.

ధర మన చేతిలో లేదు. కానీ గంపలో మిగిలినదాన్ని మన పొయ్యి ఎక్కించడం మన చేతిలోనే ఉంది. పట్నం వెళ్లిన పిల్లలు ఈ సూపు రుచి మరిగారు. దానికి డబ్బులు పెట్టేదీ మనమే. ఇంట్లో చేసుకుంటే ముప్పావు గంట పని, అంతే.

ఇది చైనావాళ్ల చారు

చైనాలో దీని పేరు ‘సువాన్ లా టాంగ్’. సువాన్ అంటే పులుపు, లా అంటే కారం, టాంగ్ అంటే సూపు. మన చారులాగే పులుపు, కారం కలిసిందన్న మాట. అక్కడ ఇందులో సోయా పాలను విరగ్గొట్టి చేసే టోఫు, వెదురు మొలకలు, చెవి ఆకారంలో ఉండే నల్ల పుట్టగొడుగులు, గుడ్డు వేస్తారు. పులుపుకు బియ్యంతో తయారయ్యే నల్ల వెనిగర్ వాడతారు. కారం మాత్రం మిరపది కాదు, మిరియాలది. ఆ మిరియాలు పుట్టింది మన పశ్చిమ కనుమల్లో. మన పాడేరు, చింతపల్లి మన్యంలో కూడా కాఫీ తోటల్లోని సిల్వర్ ఓక్ చెట్లకు ఈ తీగలు పాకిస్తారు.

కలకత్తాలో స్థిరపడిన చైనా కుటుంబాల హోటళ్లలో మన దేశపు నాలుకకు తగ్గట్టు అల్లం, వెల్లుల్లి, పచ్చిమిర్చి ఎక్కువయ్యాయి. మన బండ్ల మీద దొరికేది ఆ రకమే.

కావలసినవి (నలుగురికి)

కాబేజీ సన్నగా తరిగింది గుప్పెడు, క్యారెట్ 1, బీన్స్ 5 లేక 6, పుట్టగొడుగులు 50 గ్రాములు, ఉల్లికాడలు 2, పచ్చిమిర్చి 1, వెల్లుల్లి 5 రెబ్బలు, అంగుళం అల్లం, గుడ్డు 1, నూనె 2 చెంచాలు, మిరియాల పొడి 1 చెంచా, సోయా సాస్ 1 పెద్ద చెంచా, వెనిగర్ 2 పెద్ద చెంచాలు, కార్న్‌ఫ్లోర్ 3 పెద్ద చెంచాలు, తగినంత ఉప్పు. పుట్టగొడుగులు, గుడ్డు లేకపోయినా సూపు ఆగదు.

చేసే పద్ధతి

ముందు కాబేజీ మధ్యలోని గట్టి కాడ, క్యారెట్ చివరలు, పుట్టగొడుగుల కాడలు లీటరుంబావు నీళ్లలో 20 నిమిషాలు మరిగించి వడకట్టండి. సూపుకు సగం రుచి ఈ నీళ్లదే. బండివాళ్లు చాలామంది వట్టి నీళ్లే పోస్తారు.

నూనె కాగాక అల్లం, వెల్లుల్లి, పచ్చిమిర్చి తరుగు వేయండి. తర్వాత కూరముక్కలు వేసి పెద్ద మంట మీద 2 నిమిషాలు తిప్పండి. పంటికింద కరకరలాడాలి, మెత్తబడకూడదు. వడకట్టిన నీళ్లు, సోయా సాస్ పోసి 5 నిమిషాలు మరగనివ్వండి. సోయా సాస్‌లోనే ఉప్పు బాగా ఉంటుంది కనుక రుచి చూశాకే ఉప్పు వేయండి. బీపీ ఉన్నవాళ్లు సాస్ కూడా తగ్గించుకోవాలి.

కార్న్‌ఫ్లోర్‌ను అర గ్లాసు చన్నీళ్లలో కలిపి, సూపును తిప్పుతూ సన్న ధారగా పోయండి. వేడి నీళ్లలో కలిపితే ఉండలు కడుతుంది. తెల్లగా ఉన్నది కాస్త నిగనిగలాడుతూ చిక్కబడుతుంది. అప్పుడు మంట తగ్గించి, గిలకొట్టిన గుడ్డును దారంలా పోసి కొద్ది క్షణాలు కదపకండి. తీగలు తీగలుగా విచ్చుకుంటుంది. గుడ్డు ఉడికాక మంట ఆపేయండి.

మిరియాల పొడి, వెనిగర్ ఆఖరున, దించాకే వేయాలి. ముందే పోసి మరిగిస్తే వెనిగర్ ఘాటు ఆవిరైపోతుంది, చిక్కదనం కూడా పలచబడుతుంది. పైన ఉల్లికాడల తరుగు చల్లి వేడి వేడిగా తాగండి.

ఇక్కడ పొరపాటు పడకండి

పిండిమరలో ఆడించిన మొక్కజొన్న పిండి, కార్న్‌ఫ్లోర్ ఒకటి కావు. కార్న్‌ఫ్లోర్ అంటే గింజ నుంచి పొట్టు, మొలక తీసేసి వేరు చేసిన గంజిపదార్థం. అది లేకపోతే బియ్యప్పిండి కలపండి, లేదా అన్నం వార్చిన గంజి పోయండి. నిగనిగ తగ్గుతుంది గానీ రుచికి లోటుండదు. వెనిగర్ లేకపోతే దించాక నిమ్మరసం పిండండి. చింతపండు వేశారో, అది మన చారే అవుతుంది!

మందు సంగతి మరవొద్దు

కాబేజీని పట్టే రెక్క పురుగుకు పదే పదే మందులు కొట్టడం మనకు అలవాటైంది. మందు కొట్టాక ఎన్ని రోజులు ఆగి కోయాలో డబ్బాతో వచ్చే కాగితం మీద రాసి ఉంటుంది. అన్ని రోజులూ ఆగండి. మన ఇంటి గిన్నెకైనా, కొనేవాళ్ల గిన్నెకైనా ఇదే లెక్క. పై ఆకులు తీసేసి, మిగతావి ధారగా పడే నీళ్లలో కడిగి వాడండి.

చేనుగట్టున మొలిచిన గుర్తు తెలియని పుట్టగొడుగులు మాత్రం వద్దు. ఎంత మరిగించినా కొన్నింటి విషం పోదు. వరిగడ్డి సంచుల్లో ముత్యపుచిప్ప పుట్టగొడుగులు పెంచేవారికి అమ్ముడుపోని సరుకే పెద్ద దిగులు. తడిలేకుండా, విరిస్తే పటుక్కుమనేలా ఎండబెట్టి గాలి చొరని డబ్బాలో పోస్తే నెలలు నిలుస్తాయి. గోరువెచ్చని నీళ్లలో అరగంట నానబెడితే సూపుకు సిద్ధం. చైనాలో నల్ల పుట్టగొడుగులనూ ఇలాగే ఎండబెట్టి వాడతారు.

చివరగా ఒక్క మాట. బజారులో సాంబారు కూరలు కలిపి అమ్మినట్టే ఒక చిన్న కాబేజీ, రెండు క్యారెట్లు, గుప్పెడు బీన్స్, ఒక ఉల్లికాడల కట్ట కలిపి ‘సూపు కట్ట’ అని పెట్టి చూడండి. ఎలా చేయాలని కొనేవాళ్లు అడుగుతారు. ఇంట్లో ఒకసారి చేసి తాగినవాళ్లయితేనే ఆ జవాబు గట్టిగా చెప్పగలరు. అందుకే ముందు మీ పొయ్యి మీద చేయండి, తర్వాత గంప ఎత్తండి.