ఎద్దు మెడకు తగిన కాడి

దుక్కి నుండి వచ్చిన ఎద్దును కొట్టములో కట్టివేయుటకు ముందు మీ అరచేతిని దాని మెడపై ఆనించి చూడండి. కాడి ఆనుచోట వేడిగా నున్నదా? చేయి తగులగానే ఎద్దు ఉలికిపడి తల విదుల్చుచున్నదా? అట్లయిన ఆ మెడ కందినదన్నమాట. మరునాడు మరల అదే కాడి కట్టినచో మెడ వాచి, చర్మము చిట్లి పుండు పడును. అదనులో ఎద్దు మూలబడినచో రైతునకు కలుగు నష్టము వేరుగా చెప్పనక్కరలేదు.

కాడిపుండ్లకు బరువు ఒక్కటే కారణము కాదు. కాడి మెడకు సరిపడకపోవుట కూడ ముఖ్య కారణము. సన్నని గుండ్రని కాడిమాను మెడపై కొద్దిపాటి చోటనే ఆనును. బరువంతయు అచ్చటనే పడి చర్మము నలిగిపోవును. కనుక కాడి ఆను భాగము వెడల్పుగా, మెడ వంపునకు తగినట్లుగా, అంచులు గుండ్రముగా చెక్కి నునుపు చేసినదై యుండవలెను. చేతితో తడిమినప్పుడు ముడులు, పగుళ్ళు, మేకు తలలు తగులరాదు. "గోనెపట్ట చుట్టితిమి, చాలును" అనుకొనరాదు. పట్ట మడతలు పడినను, చెమటకో వానకో తడిసినను ఒరపిడి మరింత హెచ్చును.

కాడి కట్టునప్పుడు ఈ విషయములు చూచుకొనవలెను:

1. మెడపట్టెడకు గొంతుకు నడుమ అరచేయి సులభముగా దూరవలెను. బిగువైనచో ఊపిరి సరిగా ఆడదు. మరీ వదులైనచో కాడి అటునిటు కదలి మెడను ఒరయును.

2. జత ఎడ్లు ఎత్తులో సమానముగా నుండవలెను. లేనిచో కాడి పొట్టిదాని వైపు వాలును.

3. ఒక ఎద్దు బలహీనమైనచో నాగటి ఏడికోల కట్టుచోటును బలమైన ఎద్దు వైపునకు కొంచెము జరుపవలెను. అప్పుడు బలమైనది ఎక్కువ పాలు లాగును.

4. రెండు చక్రముల బండిలో సరుకు ముందుకు హెచ్చినచో కాడి మెడపై దిగబడును. వెనుకకు హెచ్చినచో కాడి పైకి లేచి పట్టెడ గొంతు నొక్కును. సరుకు నింపిన పిమ్మట, ఎడ్లను కట్టకముందే, కాడిని చేతితో ఎత్తి చూడండి. ఒక మనిషి తేలికగా ఎత్తగలిగి, వదలినప్పుడు మెల్లగా క్రిందికి వాలినచో బరువు సరిగా సర్దినట్లే.

కొత్తగా కాడి మరపు కోడెలకు మొదట తేలిక పనులే కొద్దిసేపు చెప్పవలెను.

మెడ వాచినచో మొదటి చికిత్స విశ్రాంతి. వాపు కొత్తదైనచో చన్నీటి గుడ్డతో తడుపుచుండవలెను. వాతలు పెట్టరాదు, కత్తితో కోయరాదు. పుండు పడినచో ఈగలు వాలి పురుగు పట్టును గనుక జాగు చేయక పశువైద్యునకు చూపవలెను. పుండు మాని, చర్మము గట్టిపడువరకు కాడి కట్టరాదు.

గ్రామోద్యోగులు ఈ సంగతులు కూడ బండి తోలువారికి తెలుపవలెను. గాయముచే పనికి తగని పశువును పనికి కట్టుట 1960 నాటి జంతుహింస నివారణ చట్టము ప్రకారము నేరము. 1965 నాటి నియమముల ప్రకారము పశువుచే బండి లాగించుట రోజుకు మొత్తము 9 గంటలకు, విశ్రాంతి లేక వరుసగా 5 గంటలకు మించరాదు. ఉష్ణోగ్రత 37 సెంటీగ్రేడు డిగ్రీలు దాటు చోట్ల పగలు 12 నుండి 3 గంటల వరకు లాగించరాదు.

ఎద్దు తన బాధ నోటితో చెప్పలేదు. ప్రతి సాయంత్రము మెడ తడిమి చూచు చేతికి అది ముందుగానే తెలియును. వడ్రంగిచే కాడి చెక్కించుట ఒకపూట పని. పుండుపడిన మెడ మానుటకు పట్టు దినములలో ఒక పైరు అదనే దాటిపోవచ్చును.