పిల్లలు ఆటలకు బ్లూటూత్ హెడ్‌ఫోన్ అడిగితే ఏం చూసి కొనాలి?

సంక్రాంతి సెలవుల్లో మా చెల్లెలి కొడుకు రెండు రాత్రులు వరుసగా ఫోనులో ఆట ఆడాడు. మూడో రోజు పొద్దున "పెద్దమ్మా, చెవిలో గుయ్‌మంటోంది, నువ్వు మాట్లాడేది ఎక్కడో దూరంగా వినబడుతోంది" అంటూ వచ్చాడు. ఇంటర్ రెండో సంవత్సరం చదివే కుర్రాడు. ఇ.ఎన్.టి. డాక్టరు గారు చూసి గుబిలి లేదు, చీము లేదు, కర్ణభేరి బాగానే ఉందన్నారు. వినికిడి పరీక్ష చేస్తే ఆడియోగ్రామ్‌లో 4000 హెర్ట్జ్ దగ్గర గీత కిందికి దిగి ఉంది. పెద్ద శబ్దం వల్ల చెవి దెబ్బ తింటే మొదట కనబడేది సాధారణంగా ఆ చుట్టుపక్కలే. పది రోజుల తర్వాత మళ్ళీ పరీక్షిస్తే గీత సరిపోయింది, హోరు కూడా తగ్గింది. వాడి అదృష్టం.

చెవి తగ్గిందో లేదో, కొత్త హెడ్‌ఫోన్ కొనమని ఇంట్లో గొడవ మొదలుపెట్టాడు. "అక్కా, వద్దని నువ్వయినా చెప్పు" అంది మా చెల్లెలు. నేను కొనమనే చెప్పాను. వాడి పాతది చెవిలో సరిగా ఇమడక, ఫ్యాను చప్పుడూ వీధిలో బండ్ల చప్పుడూ లోపలికి వస్తుంటే వాడు శబ్దం పెంచుకుంటూ పోయాడు. సరైనది కొంటే తక్కువ శబ్దంతోనే ఆడుకోవచ్చు. అయితే ఏది సరైనదో తెలియాలి.

నాకు ఆటలు రావు. వాడినే పక్కన కూర్చోబెట్టుకుని ఒక చెవిలో పెట్టుకుని విన్నాను. బీజీఎంఐ వంటి తుపాకి ఆటల్లో శత్రువు అడుగుల చప్పుడు ఎటునుంచి వస్తోందో వినడమే ప్రాణం. ఆ చప్పుడు చాలా చిన్నది. దానికోసం వాల్యూమ్ పెంచుతారు. ఇంతలో తుపాకి పేలుతుంది, అదే వాల్యూములో. అంటే వాల్యూమ్ ఎంత ఉండాలో నిర్ణయించేది చిన్న చప్పుడు, చెవిని కొట్టేది పెద్ద చప్పుడు. పాటలు వినడానికీ ఆటలకూ తేడా ఇక్కడే ఉంది.

చెవి లోపల నత్తగుల్ల ఆకారంలో ఉండే కాక్లియాలో సుమారు 15,000 రోమకణాలు ఉంటాయి. ఎక్కువ శబ్దానికి అవి అలసిపోతాయి, విశ్రాంతి ఇస్తే కోలుకుంటాయి. పదేపదే జరిగితే చనిపోతాయి. పక్షులకు అవి మళ్ళీ పుడతాయి, మనిషికి పుట్టవు. అందుకే ఆ రెండు రోజుల హోరును తేలికగా తీసుకోవద్దని వాడికి చెప్పాను.

ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క ప్రకారం పెద్దవారు 80 డెసిబెల్స్ శబ్దాన్ని వారానికి 40 గంటలు, పిల్లలు 75 డెసిబెల్స్ శబ్దాన్ని వారానికి 40 గంటలు వినవచ్చు. శబ్దం 3 డెసిబెల్స్ పెరిగిన ప్రతిసారీ ఆ సమయం సగమవుతుంది. 90 డెసిబెల్స్ అయితే పెద్దవారికి వారానికి 4 గంటలే. పిల్లల హెడ్‌ఫోన్ల పెట్టెల మీద "85 డెసిబెల్స్ దాటదు" అని రాసి ఉంటే తల్లిదండ్రులు నిశ్చింతగా ఉంటారు. కానీ పై లెక్కన 85 డెసిబెల్స్ పిల్లలకు వారానికి సుమారు 4 గంటలే సరి. రోజుకు 4 గంటలు అని అనుకోకండి. ఆటల మీద జరిగిన పరిశోధనలను ఒకచోట చేర్చి 2024లో ప్రచురించిన సమీక్షలో, ఆట మధ్యలో వచ్చే పేలుళ్ళ వంటి శబ్దాలు 119 డెసిబెల్స్ వరకు ఉన్నట్లు తేలింది. వీడియో ఆటల్లో శబ్దం ఎలా ఉండాలన్న దానిపై ఆ సంస్థ 2025లో ఒక ప్రమాణాన్ని కూడా విడుదల చేసింది.

ఇక కొనే సంగతి. బ్లూటూత్‌తో మొదటి చిక్కు ఆలస్యం. ఫోను శబ్దాన్ని కుదించి పంపాలి, హెడ్‌ఫోన్ దాన్ని విప్పాలి, మధ్యలో తెగిపోకుండా కొంత నిల్వ పెట్టుకోవాలి. ఈ పనికి మామూలు ఎస్‌బీసీ పద్ధతిలో 150 నుంచి 250 మిల్లీసెకన్ల దాకా పడుతుంది. "సినిమా చూస్తే పెదవులూ మాటలూ సరిపోయాయి కదా" అని మా చెల్లెలు అడిగింది. సినిమాలో ఫోను బొమ్మను కూడా కాస్త ఆపి చూపిస్తుంది. ఆటలో బొమ్మను ఆపలేదు, ఎందుకంటే వేలు నొక్కిన వెంటనే తెర మీద జరగాలి. కనుక సినిమా పెట్టి పరీక్షించి కొంటే మోసపోతాం. శబ్దం ఆలస్యమైతే పిల్లవాడు వినబడలేదనుకుని ఇంకా పెంచుతాడు. పెంచితే పెద్దదవుతుందే గాని త్వరగా రాదు.

పెట్టె మీద "బ్లూటూత్ 5.3" అని ఉండడం వల్ల మాత్రమే ఆలస్యం తగ్గదు. "గేమ్ మోడ్" లేదా "లో లేటెన్సీ" అని ఉందా చూడండి. ఆప్ట్‌ఎక్స్ లో లేటెన్సీ, కొత్తగా వస్తున్న ఎల్‌ఈ ఆడియో వంటివి ఫోనులోనూ హెడ్‌ఫోన్‌లోనూ రెండింటిలో ఉంటేనే పనిచేస్తాయి. ఐఫోన్‌లో ఆప్ట్‌ఎక్స్ లేదు. ఎల్‌డీఏసీ అనేది పాటలకు మంచిదే గాని ఆటలకు కాదు. మిల్లీసెకన్ల అంకె కంపెనీ చెప్పుకునేది. అందుచేత దుకాణంలోనే మీ ఫోనుకు కలిపి, ఆట తెరిచి, శిక్షణ మైదానంలో ఒక్క గుండు పేల్చమనండి. వేలు తాకడం, చప్పుడు రావడం విడివిడిగా తెలిస్తే అది వద్దు.

రెండోది మైకు. ఆటలో స్నేహితులతో మాట్లాడడానికి హెడ్‌ఫోన్ మైకు ఆన్ చేయగానే మామూలు బ్లూటూత్ పాటల పద్ధతి వదిలి ఫోన్‌కాల్ పద్ధతిలోకి మారుతుంది. శబ్దం డొల్లగా మారి, కుడి ఎడమ తేడా పోతుంది. అడుగులు ఎటునుంచో తెలియక మళ్ళీ వాల్యూమ్ పెంచుతారు. దుకాణంలో ఇది ఎవరూ చెప్పరు. మైకు ఆన్ చేసి కూడా విని చూడండి.

మూడోది చాలామంది పొరబడేది. ఏఎన్‌సీ, ఈఎన్‌సీ అని రెండు మాటలు ఉంటాయి. ఏఎన్‌సీ ఉంటే బయటి ఫ్యాను, బస్సు హోరు మన చెవికి తగ్గుతుంది. ఈఎన్‌సీ ఉంటే మనం మాట్లాడేటప్పుడు అవతలివారికి మన చుట్టూ ఉన్న చప్పుడు తగ్గుతుంది, మన చెవికి ఏ లాభమూ లేదు. తక్కువ ధర వాటిలో ఎక్కువగా ఉండేది రెండోదే. ఏఎన్‌సీకి డబ్బు చాలకపోతే చెవి మొత్తం కప్పే మెత్తని గిన్నెలున్నది తీసుకోండి. అది కూడా బయటి చప్పుడు బాగానే ఆపుతుంది. చెవిలో పెట్టుకునే బడ్స్ అయితే రబ్బరు చివరలు మూడు సైజులు ఇస్తారు, సరిపడేది చూసి పెట్టాలి. చెవి కారుతున్నవారు, ఫంగస్ వచ్చినవారు బడ్స్ జోలికి పోవద్దు. ఒకరివి మరొకరు పెట్టుకోవద్దు. వానాకాలంలో ఇటువంటి చెవులు మా ఓ.పి.లో చాలా చూస్తాం.

కంప్యూటరు మీద, ప్లేస్టేషన్ 5 మీద ఆడేవారికి ఒక మాట. ప్లేస్టేషన్ 5కు మామూలు బ్లూటూత్ హెడ్‌ఫోన్ నేరుగా కలవదు. చిన్న యూఎస్‌బీ రిసీవరుతో వచ్చే 2.4 గిగాహెర్ట్జ్ హెడ్‌సెట్లు ఉంటాయి. వాటిలో ఆలస్యం చాలా తక్కువ. కొన్నింటిలో బ్లూటూత్ కూడా కలిసే ఉంటుంది. అసలు ఆలస్యమే వద్దనుకుంటే వైరుదే మేలు. అది చెబితే పిల్లలు నన్ను పాతకాలం మనిషినంటారు.

బ్లూటూత్ కిరణాలతో మెదడుకు దెబ్బా అని తల్లులు తరచూ అడుగుతారు. దాని శక్తి సెల్‌ఫోనును చెవికి ఆనించి మాట్లాడే దానికంటే చాలా తక్కువ, హాని ఉన్నట్లు రుజువు కాలేదు. భయపడవలసింది శబ్దానికి.

మావాడికి చెవి కప్పే రకం, గేమ్ మోడ్ ఉన్నది కొన్నాం. వాడిది ఐఫోన్ కాబట్టి సెట్టింగుల్లో "రెడ్యూస్ లౌడ్ ఆడియో" దగ్గర 80 డెసిబెల్స్ పెట్టాను. ఆండ్రాయిడ్‌లో కూడా కొన్ని ఫోన్లకు వాల్యూమ్ హద్దు పెట్టే వీలుంది. ఆట సెట్టింగుల్లో సంగీతం పూర్తిగా తీసేయమన్నాను, దానితో అడుగులు ఇంకా స్పష్టంగా వినబడ్డాయట. మొదటి రెండు రోజులు "ఏం వినబడట్లేదు పెద్దమ్మా" అని గునిసాడు. ఇప్పుడు వంటింట్లోంచి అన్నానికి రమ్మని పిలిస్తే మొదటి పిలుపుకే పలుకుతున్నాడని మా చెల్లెలు చెప్పింది.