రూపానికి కర్త ఎవరు? – కార్లోస్ ఎజ్కెరా చిత్రకథా ప్రస్థానం

ఉపోద్ఘాతం

క్రీడాభిరామం వినుకొండ వల్లభరాయనిదా, శ్రీనాథునిదా అన్న చర్చ తెలుగు పరిశోధకులకు కొత్త కాదు. అటువంటి కర్తృత్వ విచారణలో మనం శైలిని, పద్యపాకాన్ని, కృత్యాది సాక్ష్యాలను పరిశీలిస్తాం. ఆధారమంతా మాటలోనే ఉంటుంది. మాట, బొమ్మ కలిసి నడిచే కామిక్స్ విషయంలో ఈ పద్ధతి చాలదు. పాత్రను ఒకరు ఊహించి, దానికి రూపాన్ని మరొకరు కల్పించి, అచ్చయిన తొలి కథను వేరే ఇద్దరు రాసి గీస్తే ఆ పాత్రకు కర్త ఎవరు? స్పెయిన్ చిత్రకారుడు కార్లోస్ ఎజ్కెరా (1947–2018) వృత్తిజీవితంలో ఈ ప్రశ్న కేవలం సిద్ధాంతచర్చగా మిగలలేదు.

బార్సిలోనా నుంచి లండన్‌కు

జరాగోజా ప్రాంతంలోని ఇబ్దెస్‌లో పుట్టిన ఎజ్కెరా బార్సిలోనాలో యుద్ధకథలకు, కౌబాయ్ కథలకు బొమ్మలు గీస్తూ వృత్తిలో ప్రవేశించాడు. అప్పటికే ఆ నగరంలో ఒక ఏర్పాటు స్థిరపడి ఉంది. జోసెప్ తౌతెయిన్ నడిపిన ‘సెలెక్సియోనెస్ ఇలుస్త్రాదాస్’ వంటి ఏజెన్సీలు విదేశీ ప్రచురణకర్తల నుంచి పని తెచ్చి, స్థానిక చిత్రకారుల చేత గీయించి పంపేవి. పౌండ్లలో వచ్చే ప్రతిఫలం చిత్రకారునికి లాభసాటి, ప్రచురణకర్తకు చౌక. పటాన్‌చెరు పారిశ్రామికవాడ సమీపంలో పాఠం చెప్పే నాకు దీన్ని విద్యార్థులకు వివరించడానికి ‘జాబ్ వర్క్’ అన్న ఒక్క మాట సరిపోయింది. ఎక్కడి నుంచో వచ్చిన డ్రాయింగు ప్రకారం ఇక్కడి లేతు మీద తయారైన భాగం మరొకరి పేరుతో బయటికి వెళ్తుంది. పోలిక అంతవరకే. లేతు పనివాడు డ్రాయింగును మార్చడానికి వీల్లేదు, ఎజ్కెరా మార్చాడు.

నాటి బ్రిటిష్ వారపత్రికల్లో రచయిత పేరు గాని, చిత్రకారుని పేరు గాని వేసే ఆచారం దాదాపు లేదు. మన ‘చందమామ’ స్థితి ఇందుకు కొంత భిన్నం. కొడవటిగంటి కుటుంబరావు ఏళ్ల తరబడి అందులో పేరు లేకుండానే రాశారు. చిత్ర, శంకర్, వపా సంతకాలు మాత్రం బొమ్మల మూలల్లో కనిపించేవి.

1973లో బారీ కోకర్ అనే ఏజెంటు ద్వారా ఎజ్కెరాకు బ్రిటిష్ పత్రికల పని దొరికింది. మొదట అమ్మాయిల ప్రేమకథల పత్రికలు. యుద్ధకథల చేతికి అదెంత దూరమో ఊహించవచ్చు. తర్వాత ఆయన లండన్‌కు మకాం మార్చి, ‘బ్యాటిల్’ వారపత్రికలో ‘ర్యాట్ ప్యాక్’ (1975), ‘మేజర్ ఈజీ’ (1976) కథలతో స్థిరపడ్డాడు.

జడ్జ్ డ్రెడ్: బొమ్మ కథను నడిపిన తీరు

పోలీసు, న్యాయమూర్తి, తలారి – ముగ్గురూ ఒక్కడే అయిన భవిష్యత్ కాలపు అధికారిని రచయిత జాన్ వాగ్నర్ ఊహించాడు. రూపకల్పన కోసం ‘డెత్ రేస్ 2000’ సినిమా ప్రకటనను ఎజ్కెరాకు ఇచ్చాడు. అందులో ఉన్నది నల్లని తోలుదుస్తుల మనిషి. ఎజ్కెరా దానికి భారీ భుజకవచాలు, గొలుసులు, జిప్పులు చేర్చాడు. వాగ్నర్‌కు అది తొలిచూపులో అతిగా తోచింది. అంతకంటే ముఖ్యమైనది నేపథ్యం. ఎజ్కెరా గీసిన నగర సౌధాలు అనుకున్న కాలానికి ఇమడకపోవడంతో కథాకాలాన్నే మరింత ముందుకు జరపవలసి వచ్చింది. ఇక్కడ బొమ్మ కథకు అలంకారం కాదు, కథావస్తువును నిర్ణయించిన శక్తి. భుజం మీది గద్దను కూడా ఈ దృష్టితో చూడాలి. ఫ్రాంకో నియంతృత్వంలో స్పెయిన్ రాజ్యచిహ్నంలో గద్ద ఉండేది. ఆ పాలనలోనే పెరిగిన చిత్రకారుని చేతిలో అది చట్టం భుజం మీద వాలడం యాదృచ్ఛికమని నేను అనుకోను.

‘2000 ఏడీ’ వారపత్రిక 1977 ఫిబ్రవరిలో మొదలైంది. మార్చిలో రెండో సంచికలో డ్రెడ్ కనిపించాడు. కాని ఆ కథ వాగ్నర్ రాసిందీ కాదు, ఎజ్కెరా గీసిందీ కాదు. హక్కుల విషయంలో పొసగక వాగ్నర్ అప్పటికే తప్పుకున్నాడు. పీటర్ హారిస్ రచనకు మైక్ మెక్‌మాన్ అనే యువకుడు, ఎజ్కెరా కల్పించిన రూపాన్నే అనుసరించి, బొమ్మలు గీశాడు. సర్వహక్కులూ ప్రచురణ సంస్థవే కాబట్టి దానికి అడ్డేమీ లేకపోయింది. ఆగ్రహించిన ఎజ్కెరా తిరిగి ‘బ్యాటిల్’కు వెళ్లిపోయాడు.

1978లో వాగ్నర్‌తో కలిసి ‘స్టార్‌లార్డ్’ పత్రికలో ‘స్ట్రాంటియమ్ డాగ్’ను సృష్టించాడు. 1982లో ‘ది అపోకలిప్స్ వార్’ను తానొక్కడే గీస్తూ డ్రెడ్ వద్దకు తిరిగివచ్చాడు. రంపపు పళ్లలా తెగి తెగి సాగే మందమైన అంచుగీత ఆయన ముద్ర. పేరు లేని పుటలోనూ ఆ గీత ఆయనను పట్టిస్తుంది. శైలిని బట్టి పద్యకర్తను గుర్తించే మన పద్ధతికి చిత్రకథలో సమానమైన ఆంతరంగిక సాక్ష్యం ఇదే. ‘2000 ఏడీ’ కూడా తొలినాళ్లలోనే రచయిత, చిత్రకారుల పేర్లను అచ్చువేయడం ప్రారంభించి బ్రిటిష్ ఆచారాన్ని మార్చింది.

తరువాతి కాలంలో గార్త్ ఎన్నిస్ రచనలకు, ‘బ్లడీ మేరీ’ (1996), ‘జస్ట్ ఎ పిల్‌గ్రిమ్’ (2001) వంటివాటికి, అమెరికన్ ప్రచురణకర్తల కోసం పనిచేశాడు. అప్పటికి ఆయన నివాసం అండోరా. విదేశాలకు బొమ్మలు వెళ్లే దారి మారలేదు గాని, వాటి మీద ఇప్పుడు ఆయన పేరుంది. డ్రెడ్ పాత్రతో 1995లోనూ, 2012లోనూ సినిమాలు వచ్చాయి. రెండింటిలోనూ పాత్ర సృష్టికర్తలుగా తెర మీద పడిన పేర్లు జాన్ వాగ్నర్, కార్లోస్ ఎజ్కెరా.