హాకీ గోల్‌కీపర్ రజని: స్టాండ్‌బై నుంచి కెప్టెన్ దాకా..

ఒక్క పోస్టు కోసం ఏళ్ల తరబడి వెయిట్ చేయడం అంటే ఏంటో అశోక్ నగర్ స్టడీ హాల్స్‌లో చదివేవాళ్లకు బాగా తెలుసు. ఇండియా మహిళల హాకీ గోల్‌కీపర్ ఇతిమరపు రజని కెరీర్ కూడా దాదాపు అలాంటిదే.

రజనిది ఉమ్మడి చిత్తూరు జిల్లా యనమలవారిపల్లె. గోల్ ముందు చివరి డిఫెన్స్ ఆమెదే. మరి ఎందుకు ఎక్కువగా కనిపించలేదు?

కారణం సింపుల్. హాకీలో మిగతా ప్లేయర్లను మ్యాచ్ మధ్యలో ఎన్నిసార్లైనా మారుస్తారు. పెద్ద మ్యాచుల్లో గోల్‌కీపర్‌ను మాత్రం మామూలుగా కదపరు. పైగా ఒలింపిక్స్ జట్టులో 16 మందికే చోటు. అందుకే చాలాసార్లు ఒక్క గోల్‌కీపర్‌నే తీసుకుంటారు. ఇండియాకు ఆ ఒక్కరు సవిత.

36 ఏళ్ల తర్వాత మహిళల జట్టు 2016లో రియో ఒలింపిక్స్‌కు వెళ్లినప్పుడు రజని స్టాండ్‌బై. జట్టు నాలుగో స్థానంలో నిలిచిన టోక్యోలో రిజర్వ్.

18 మందిని తీసుకునే టోర్నీల్లో మాత్రం రెండో గోల్‌కీపర్‌కు చోటు దొరుకుతుంది. 2017 ఆసియా కప్ గోల్డ్, 2018 ఆసియా క్రీడల సిల్వర్, 2022 కామన్వెల్త్ బ్రాంజ్ గెలిచిన జట్లలో రజని ఉన్నారు.

2024 జనవరిలో సీన్ మారింది. మస్కట్‌లో జరిగిన మొట్టమొదటి హాకీ ఫైవ్స్ వరల్డ్ కప్‌కు ఇండియా కెప్టెన్ రజనీయే! జట్టుకు ఐదుగురే ఆడే ఈ ఫార్మాట్‌లో గ్రౌండ్ చిన్నది, గోల్‌కీపర్‌పై షాట్లు వస్తూనే ఉంటాయి. ఫైనల్లో నెదర్లాండ్స్ చేతిలో 2-7తో ఓడినా, సిల్వర్ దక్కింది.

రెండు ఒలింపిక్స్ పక్కన నిలబడి చూసినా, రజని గ్లోవ్స్ మాత్రం వదల్లేదు.