చేతులిచ్చిన ఏరు - మన చెయ్యేరు

చెయ్యేరు గురించి ఏ పోటీ పరీక్షలోనూ అడగకపోవచ్చు. అయినా మనలో చాలామంది ఆ ఏటి ఊట నీళ్ళు తాగి పెరిగినవాళ్ళమే కనుక తెలిసినంత రాస్తున్నాను.

పాత చిత్తూరు జిల్లా ఎత్తు ప్రాంతాల నుంచి బాహుదా, పీలేరు వైపు నుంచి పింఛ వచ్చి సుండుపల్లె ప్రాంతంలో కలుస్తాయి. అక్కడి నుంచి దాని పేరు చెయ్యేరు. రాయచోటిని ఒరుసుకుని పారే మాండవ్య నీళ్ళు కూడా చివరికి దీనిలోకే చేరతాయి. కొండల సందు దాటి రాజంపేట మైదానంలోకి దిగి, నందలూరు మీదుగా పోయి పెన్నలో కలుస్తుంది.

పేరు వెనుక మహాభారత కథ ఉంది. అన్న శంఖుడి తోటలో అడగకుండా పండు తిన్నందుకు లిఖితుడి చేతులు రాజు నరికిస్తాడు. ఏటిలో మునగగానే చేతులు తిరిగి వచ్చాయట. బాహువులు ఇచ్చింది కనుక బాహుదా, తెలుగులో చెయ్యేరు. (కాణిపాకం దగ్గరి బాహుదాకూ ఇదే కథ చెబుతారు. తగవు మనకెందుకు!) ఒడ్డునే ఉన్న అత్తిరాలలో పరశురాముడి తల్లిహత్యా పాపం రాలిపోయిందని, 'హత్యరాల' అత్తిరాల అయిందని అంటారు. శివరాత్రికి అక్కడ పెద్ద తిరునాళ్ళ. నందలూరులో సౌమ్యనాథుడి గుడి ఉంది. ఒకప్పుడు అదే నందలూరులో ఆవిరి రైలింజన్ల షెడ్డు ఉండేది. ఆ ఇంజన్లు తాగింది కూడా ఈ నీళ్ళే.

ఏడాదిలో చాలా నెలలు ఏరు ఎండినట్టే కనిపిస్తుంది. నిజానికి నీరు ఇసుక కింద నడుస్తూనే ఉంటుంది. చెలిమ తవ్వితే ఊరుతుంది. మన పెద్దలు ఏటిలో ఏటవాలుగా ఊటకాలువలు తవ్వి, మోటారు లేకుండా ఆ ఊటను పొలాలకు పారించారు. ఇంజనీరింగ్ చదవనివాళ్ళ ఇంజనీరింగ్ అది. ఇసుక స్పాంజి లాంటిది. దాన్ని లారీలకెత్తేకొద్దీ ఏటి మట్టం దిగుతుంది, దానితోపాటు ఒడ్డు బావుల్లో నీరూ దిగుతుంది. మా ఇంట్లో డిగ్రీ చదివింది నేనే మొదలు. ఈ లెక్క మాత్రం మా నాయన బడికి పోకుండానే చెప్పగలడు.

2021 నవంబరు 19, కార్తీక పౌర్ణమి. పైన పింఛ కట్ట తెగింది. ఆ నీరంతా వచ్చి పడి తెల్లవారుజామున అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట కొట్టుకుపోయింది. అయిదు గేట్లలో ఒకటి లేవలేదు. వచ్చిన వరద ప్రాజెక్టు వదలగలిగిన దానికన్నా ఎక్కువ. పులపత్తూరు, మందపల్లె, తొగురుపేట నీట మునిగాయి. శివాలయంలో దీపాలు పెట్టడానికి పోయినవాళ్ళు కూడా తిరిగి రాలేదు. రైలు పట్టాలు గాలిలో వేలాడాయి. పంట పొలాల మీద ఇసుక మేటలు వేసింది. దీన్ని ఏటి కోపమని సరిపెట్టుకోవడం నాకు ఇష్టం లేదు. ఏరు ఎక్కువ తెచ్చింది నిజమే, గేటు ఎత్తవలసింది మాత్రం మనుషులు.

తమ్ముళ్ళూ, ఈసారి సెలవులకు పోయినప్పుడు మీ ఊరి ఊటకాలువ ఎక్కడ మొదలయ్యేదో అవ్వనో తాతనో అడిగి రాసుకు రండి. వచ్చే సంచికలో వేద్దాం.