గజం గోడ, గంపెడు కాగితాలు

గోవింద్‌పూర్‌లో హద్దు తగాదా తేలాలంటే దస్తావేజు ఒక్కటే చాలదు, ఏ గడప ముందు ఎక్కాలో తెలియాలి

స్థలం కొనే రోజున కొలతల గురించి ఎవరూ పెద్దగా పట్టించుకోరు. ప్రహరీకి పునాది తవ్వే రోజున అసలు సంగతి బయటపడుతుంది. దస్తావేజులో ఐదు డిసిమల్‌లు ఉంటాయి, నేల మీద నాలుగున్నరే తేలుతుంది. మిగతాది పక్కింటి గోడకు అవతల ఉంటుంది. ఉత్తరాంధ్ర నుంచి ఉక్కు నగరానికి వలస వచ్చిన తెలుగువారి లెక్కలో డిసిమల్ అంటే సెంటే. అర సెంటంటే 24 గజాల పైచిలుకు. ఒక గదికి సరిపడే ఆ జాగా కోసం రెండు ఇళ్ల మధ్య మాటలు ఆగిపోతాయి, కాగితాలు నడుస్తాయి.

జంషెడ్‌పూర్ శివార్లలో, టెల్కో పక్కనే ఉన్న గోవింద్‌పూర్‌ను 2011 జనాభా లెక్కలు పట్టణంగా గుర్తించాయి. కానీ ఇళ్ల కింద ఉన్నవి ఒకప్పటి పొలాలే. యజమాని ఎవరో చెప్పేది పాత ఖతియాన్, హద్దు ఎక్కడో చెప్పేది గ్రామ నక్షా. అందుకే మొదటి గడప అంచల్ కార్యాలయం. అది మన తహసీల్దారు కచేరీ లాంటిది. అక్కడ దరఖాస్తు పెడితే సర్కారీ అమీన్ వచ్చి ఇరుపక్షాల ఎదుట నేల కొలుస్తాడు. దీన్నే ‘మాపీ’ అంటారు.

పేరు మార్పిడి మీద తగాదా వస్తే దారి వేరు. 1973 నాటి రికార్డుల నిర్వహణ చట్టం కింద అంచల్ అధికారి ఇచ్చిన ఉత్తర్వుపై భూసంస్కరణల డిప్యూటీ కలెక్టర్‌కు అప్పీలు చేసుకోవచ్చు. ఆపైన రివిజన్ ఉంది. అయితే చాలామంది ఇక్కడే పొరబడతారు. రిజిస్టర్‌లో పేరు ఎక్కినంత మాత్రాన హక్కు రాదని, అది శిస్తు వసూలుకు పనికొచ్చే నమోదు మాత్రమేనని సుప్రీంకోర్టు 2021లోనూ మరోసారి స్పష్టం చేసింది. హక్కు తేల్చేది సివిల్ కోర్టే.

కోర్టులోనూ నోటిమాటలతో హద్దు తేలదు. స్థలాన్ని కొలిపించడానికి కమిషనర్‌ను నియమించే అధికారం సివిల్ ప్రొసీజర్ కోడ్ 26వ ఆర్డర్ కింద కోర్టుకుంది. సరిహద్దు వివాదంలో అలాంటి నియామకం అవసరమని 2008లో హర్యానా వక్ఫ్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. గడువులు మాత్రం ఎవరి కోసమూ ఆగవు. బలవంతంగా ఖాళీ చేయిస్తే, హక్కు చర్చ లేకుండా స్వాధీనం తిరిగి పొందే దావాకు గడువు ఆరు నెలలే. హక్కు ఆధారంగా వేసే దావాకు పన్నెండేళ్లు. ఆలోగా కదలకపోతే ఆక్రమించినవాడే హక్కుదారు కావచ్చు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లోనూ ఇదే హెచ్చరిక వర్తిస్తుంది. 1923 నాటి సర్వే, సరిహద్దుల చట్టం కింద ఖరారైన హద్దును సివిల్ కోర్టులో సవాలు చేయడానికి మూడేళ్లే గడువు.

జార్ఖండ్‌లో మూడో గడప కూడా ఉంది. బిర్సా ముండా తిరుగుబాటు తర్వాత 1908లో వచ్చిన ఛోటానాగ్‌పూర్ కౌలు చట్టం ప్రకారం గిరిజనుడి భూమిని డిప్యూటీ కమిషనర్ అనుమతి లేకుండా కొనడం కుదరదు. అనుమతి ఉన్నా అదే పోలీస్ స్టేషన్ పరిధిలోని గిరిజనుడే కొనాలి. షెడ్యూల్డ్ ప్రాంతమైన తూర్పు సింగ్‌భూమ్‌లో ఈ నిబంధన దాటి చేతులు మారిన భూమిని 71ఎ సెక్షన్ కింద అసలు యజమానికి తిరిగి ఇప్పించవచ్చు. అప్పుడు గోడ జరగడం కాదు, ఇల్లే ప్రశ్నార్థకమవుతుంది. అలాగని ఆ అధికారానికీ కాలపరిమితి లేకపోలేదు. నలభై ఏళ్ల తర్వాత భూమి తిరిగి అడిగిన సీతూ సాహు కేసులో, సహేతుకమైన సమయంలోనే దాన్ని వాడాలని సుప్రీంకోర్టు 2004లో తేల్చింది.

ఈ చట్టాన్ని సడలించేందుకు 2016లో రఘుబర్ దాస్ ప్రభుత్వం తెచ్చిన సవరణ బిల్లును గవర్నర్ ద్రౌపది ముర్ము తిప్పి పంపారు. 2017లో ప్రభుత్వం వెనక్కి తగ్గింది. ఇక్కడ నేల ఎంత సున్నితమైన విషయమో చెప్పడానికి అది చాలు.

అమీన్‌ను పిలవాల్సింది గొడవ వచ్చాక కాదు, బయానా ఇవ్వక ముందే. ఖతియాన్‌లో మొదటి పేరు ఎవరిదో చూసి, ఇరుగుపొరుగు ఎదుట కొలిపించి, రాళ్లు పాతాక డబ్బు చేతులు మారితే అర సెంటు కోసం అరజీవితం పోదు.