వాన దేవుని ఆయుధం: కనాను దేశపు దేవతా చిహ్నాలు

శంఖచక్రాలు కనబడితే శ్రీమహావిష్ణువని, త్రిశూలం కనబడితే పరమశివుడని మనం గుర్తిస్తాము. ఇట్లు చిహ్నం ద్వారా దైవాన్ని దర్శించే రీతి మనకే పరిమితం కాదు. మూడువేల ఏండ్లకు పూర్వం మధ్యధరా సముద్రపు తూర్పు తీరాన, నేటి సిరియా, లెబనాన్, ఇజ్రాయెల్, పాలస్తీనా ప్రాంతాలలో వర్ధిల్లిన కనానీయులకూ అది ఉండినది.

వారి దేవతలకు తండ్రి ఏల్. అతనిని వృషభమని కీర్తించేవారు. అతని దేవేరి అషేరాకు గుర్తు పచ్చని చెట్టు. వేపచెట్టు క్రింద అమ్మవారిని కొలిచే మనకు ఇది వింతగా తోచదు. హాజోరు నగరపు చిన్న గుడిలో నిలువురాళ్ల వరుస బయటపడినది. వాటిలో ఒకదానిపై నెలవంక వైపు ఎత్తిన రెండు చేతులు మాత్రమే ఉన్నవి.

వానకు అధిపతి బాల్. తెలుగు బైబిలులో 'బయలు'గా కనబడేది ఇతడే. 1932లో ఉగరిత్ నగర శిథిలాలలో దొరికిన ఇతని శిల్పం నేడు పారిస్‌లోని లూవ్ర్ ప్రదర్శనశాలలో ఉన్నది. కుడిచేత ఎత్తిన గద, ఎడమచేత నేలకు గుచ్చిన ఈటె. ఆ ఈటె పైభాగం మొక్కవలె చిగురించి ఉంటుంది. పిడుగు వెంట వాన, వాన వెంట పైరు అన్న భావం అందులో ఇమిడినది.

దేవశిల్పి కోథర్ చేసి ఇచ్చిన గదలతో బాల్ సముద్రదేవుడైన యామ్‌ను జయించాడు. ఇంద్రునికి త్వష్ట వజ్రాయుధం చేసి ఇచ్చిన వృత్తాంతం ఇక్కడ స్మరణకు వస్తుంది. ఒకదాని నుండి మరొకటి పుట్టినదని నేననను. పోలిక మాత్రమే చూపుతున్నాను. పిమ్మట మృత్యుదేవుడు మోత్ బాల్‌ను మ్రింగగా పొలాలు ఎండిపోయినవి. సోదరి అనాత్ మోత్‌ను కోసి, తూర్పారబట్టి, కాల్చి, విసరి, చేనులో చల్లినది. అంతట బాల్ తిరిగి వచ్చాడు. ఖాజీపేట పరిసరాలలో వాన తప్పిన ఏడు రైతుల ముఖాలు చూచినవాడను గనుక, ఈ కథ నాకు దూరదేశపు కథగా అనిపించదు.

క్రీ.పూ. 1200 ప్రాంతంలో ఉగరిత్ నాశనమైనది. 1928లో ఒక రైతు నాగలికి సమాధి రాయి తగిలింది. మరుసటి ఏడు త్రవ్వకాలు మొదలై మట్టిపలకలు వెలువడినవి. వాటిని చదివిన పిమ్మటనే ఆ గద, ఆ చెట్టు, ఆ వృషభం మరల మాటాడినవి. కథ మరచిన చిహ్నం మూగది.

కరవు వేళ కప్పతల్లికి నీరు పోయడం, విరాటపర్వం చదివించడం మన పెద్దలు ఎరుగుదురు. అవి ఎందుకో వారు ఉండగానే అడిగి తెలిసికొని, బిడ్డలకు చెప్పుదము. మనకు మట్టిపలకల అవసరం రాకుండుగాక.